మూల జెండా దగ్గర నీళ్లు

దుబాయ్ వచ్చిన మొదటి ఆరు నెలల్లో నా డైరీలో బాపు గురించి రాసినవన్నీ చిన్న చిన్న వాక్యాలే. "శనివారం. బాపు వచ్చాడు. టీ తాగాం. వెళ్లాడు." కొన్ని వారాలు అది కూడా లేదు. రాయడానికి ఏమీ జరగలేదు.

నాకు మూడేళ్లున్నప్పుడు ఆయన గల్ఫ్‌కు వచ్చాడు. రెండేళ్లకోసారి ఛుట్టీ మీద ఇంటికొచ్చి నలభై రోజులుండి వెళ్లే మనిషిగా, మిగతా కాలమంతా ఫోన్‌లో ఒక గొంతుగా నాకు తెలుసు. డిగ్రీ అయ్యాక నాకు ఇక్కడొక టైపింగ్ సెంటర్‌లో ఉద్యోగం దొరికింది. ఇంగ్లీషు రానివాళ్లు వచ్చి చెబుతుంటే వీసా దరఖాస్తులు, కంపెనీకి పెట్టుకునే అర్జీలు టైపు చేసి ఇచ్చే పని. ఇంటర్నేషనల్ సిటీ అనే పేటలో నలుగురు ఆడవాళ్లుండే గదిలో ఒక మంచం అద్దెకు తీసుకున్నాను. బాపు అల్ ఖూజ్‌లో కంపెనీ క్యాంపులో ఉండేవాడు. ఇరవై ఏళ్ల తర్వాత ఇద్దరం ఒకే ఊళ్లో ఉన్నాం. ఏం మాట్లాడుకోవాలో ఇద్దరికీ తెలియలేదు.

శనివారం నాలుగింటికి ఆయన డ్యూటీ అయిపోయేది. రెండు బస్సులు మారి మా బిల్డింగ్ కిందున్న కఫ్టేరియాకు వచ్చేవాడు. బయట వేసిన ప్లాస్టిక్ కుర్చీల్లో కూర్చునేవాళ్లం.

"తిన్నవా బిడ్డా?"

"తిన్న బాపు. నువ్వు?"

"తిన్న."

ఆ తర్వాత టీ చల్లారేదాకా రోడ్డు మీద కార్లు చూసేవాళ్లం. మా గదిలో నా పక్క మంచం అక్క కోనసీమ మనిషి. నాలుగైదు ఇళ్లలో గంటల లెక్కన పని చేస్తుంది. కింద కూరగాయలు కొనుక్కుని వస్తూ మమ్మల్ని చూసేది. గదికి వచ్చాక నవ్వేది. "మీ బాపుగారూ నువ్వూ అలా కూచుంటే ఆసుపత్రిలో టోకెను నంబరు పిలుస్తారని చూస్తున్నట్టు ఉంటాదమ్మా. ఎప్పటికైనా పిలుస్తారా మిమ్మల్ని?"

నేను పుస్తకం తీసి గోడ వైపు తిరిగి పడుకునేదాన్ని.

బాపు పని ఫుట్‌బాల్ మైదానాల్లో గడ్డి పెంచడం. నాకు అంతవరకే తెలుసు. జగిత్యాల దగ్గర మా ఊళ్లో పసుపు, వరి పండించిన మనిషి ఇక్కడ గడ్డి పెంచుతున్నాడని చిన్నప్పుడు స్కూల్లో చెబితే పిల్లలు నవ్వారు. అప్పట్నుంచి ఎవరికీ చెప్పలేదు.

ఆ జనవరిలో ఒక శనివారం బాపు కుర్చీలో కూర్చోకముందే మాట మొదలుపెట్టాడు. జర్మనీ నుంచి జట్టు వస్తోందట. అక్కడ చలికాలం మంచు పడుతుంది. వాళ్ల లీగ్ మధ్యలో కొన్నాళ్లు ఆపుతారు. అప్పుడు జట్లు ఎండ ఉన్న దేశాలకు వెళ్లి ప్రాక్టీసు చేసుకుంటాయి. ఈసారి ఒక జట్టు బాపు పని చేసే మైదానానికి పది రోజులకు వస్తోంది. చిన్నా చితకా జట్టు కాదు, జర్మనీలో అన్నిటికంటే పైనున్న లీగ్‌లో ఆడే జట్టు.

"ఎండకాలం గడ్డి చలికి పండుకుంటది బిడ్డా. దాని మీద అక్టోబర్‌ల చలికాలం గడ్డి ఇత్తనం సల్లాలె. మొలక మంచిగొచ్చింది ఈసారి. కార్పెట్ తీర్గ ఉన్నది" అన్నాడు. ఆయన ఒక్కసారిగా అన్ని మాటలు మాట్లాడడం అదే మొదలు. జట్టు కంటే రెండు రోజులు ముందే వాళ్ల మైదానం చూసుకునే జర్మన్ ఒకాయన వచ్చాడట. మోకాళ్ల మీద కూర్చుని, సన్న చువ్వ నేలలోకి గుచ్చి తీసి, అంటిన మట్టి వాసన చూశాడట. పంపు గది తలుపుకు ఒక చార్ట్ అంటించాడు. ఏ భాగానికి ఏ టైంకు ఎన్ని నిమిషాలు నీళ్లు పెట్టాలో అందులో ఉంది. అది దాటి చుక్క కూడా పెట్టొద్దన్నాడు.

"మట్టి వాసన సూసిండు సూడు, గప్పుడు నాకు ధైర్యమొచ్చింది" అన్నాడు బాపు.

ఆ రోజు డైరీలో పేజీన్నర రాశాను.

తర్వాతి శనివారం ఆయన వచ్చి కూర్చుని, తిన్నవా అని కూడా అడగలేదు. టీ మీద మీగడ కట్టింది. నేను ఏమైందని అడగలేక కప్పు ఇటూ అటూ జరుపుతూ కూర్చున్నాను. చివరికి తనే చెప్పాడు.

మైదానంలో ఒక మూల, జెండా పాతే చోట, చాప పరిచినంత మేర గడ్డి పసుపు పచ్చగా తిరిగింది. జట్టు మొదటిసారి మైదానంలోకి దిగే రోజు పొద్దున ఐదున్నరకు బాపు దాన్ని చూశాడు. చార్ట్‌లో ఆ పొద్దున ఆ మూలకు నీళ్లు లేవు. బాపు పైపు తీసుకెళ్లి పట్టాడు.

"సుట్టాలొచ్చే ఇల్లు బిడ్డా. వాకిట్ల సాంపి సల్లకుంటే ఎట్లుంటది? ఎండినట్టు కనవడితే ఏమనుకుంటరు? పది నిమిషాలు పట్టిన. గంతే."

పదిన్నరకు ప్రాక్టీసు మొదలైంది. జట్టులో ముందు వరసలో ఆడే ఒక కుర్రాడు బంతి కోసం ఆ మూలకు ఉరికి గిర్రున తిరిగాడు. కాలు అక్కడే నాటుకుపోయింది. ఒళ్లు తిరిగింది, కాలు తిరగలేదు. అరుపు పంపు గది దాకా వినిపించిందట. స్ట్రెచర్ మీద తీసుకెళ్లారు.

"ఎవరన్న అడిగిండ్రా నిన్ను?"

"అడగలే. చార్ట్ ప్రకారమే పెట్టినమని చెప్పుండ్రి, ఖలాస్ అన్నడు సూపర్‌వైజర్. ఆయనకు తెల్వదు నేను పట్టిన సంగతి. ఎవ్వరికి తెల్వదు." నా ఫోన్ వైపు చూపించాడు. "అండ్ల సూడు బిడ్డా. గా పిలగాడు ఎట్లున్నడో రాస్తరు గదా."

జట్టు పేరు కొట్టి వెతికాను. అంతా జర్మన్‌లో ఉంది. ఫోన్‌తోనే ఇంగ్లీషులోకి మార్చుకుని చదివాను. మోకాలి లోపలి నరం తెగింది, ఆపరేషన్ చేస్తారు, ఈ సీజన్‌లో ఇక ఆడడు. జట్టులో ఎక్కువ గోల్స్ కొట్టింది అతనే. జట్టు పట్టికలో కింద నుంచి మూడో చోట ఉంది. ఇందులో ఎంత చెప్పాలి, ఎంత దాచాలి అని ఒక్క నిమిషం ఆలోచించాను. ఆయన నా ముఖమే చూస్తున్నాడు. అన్నీ చెప్పేశాను.

"కింద నుంచి మూడు అంటే?"

టిష్యూ పేపర్ మీద గీతలు గీసి చూపించాను. అప్పుడే చదివి తెలుసుకున్న సంగతి అది. లీగ్‌లో పద్దెనిమిది జట్లు. మే నెలాఖరుకు ఆటలన్నీ అయ్యేసరికి అట్టడుగున ఉన్న రెండు జట్లు కింది లీగ్‌కు పోతాయి. కింద నుంచి మూడోది, కింది లీగ్‌లో మూడో చోట నిలిచిన జట్టుతో రెండు ఆటలు ఆడి తన చోటు నిలబెట్టుకోవాలి.

"కిందికి పోతే మళ్ల పైకి రారా?"

"రావచ్చు. ఏడాదంతా గెలవాలె."

బాపు ఆ టిష్యూ మడత పెట్టి చొక్కా జేబులో పెట్టుకున్నాడు. లీగ్ మళ్లీ మొదలయ్యాక వచ్చిన శనివారం, "మనోళ్లది ఆట ఎన్ని గంటలకు?" అని అడిగాడు. మనోళ్లు అన్నాడు.

జర్మనీలో శనివారం ఆటలు ఎక్కువగా వాళ్ల మధ్యాహ్నం మూడున్నరకు మొదలవుతాయి. మాకు సాయంత్రం ఆరున్నర. కఫ్టేరియా టీవీలో ఎప్పుడూ క్రికెట్టే. నా ఫోన్‌లో ఆట కనపడదు, ఆటను నిమిషం నిమిషం ఇంగ్లీషులో రాసే ఒక పేజీ వస్తుంది. పైన పచ్చటి దీర్ఘచతురస్రం, దాని మీద బంతికి గుర్తుగా ఒక తెల్ల చుక్క. నేను చదివి తెలుగులో చెప్పాలి. నలుగురిలో గొంతెత్తి మాట్లాడడం నాకు ఎప్పుడూ చేతకాలేదు. కానీ గడ్డి కోసే మిషన్ మీద ఏళ్ల తరబడి కూర్చుని బాపుకు ఎడమ చెవి మందగించింది. మెల్లగా చెబితే వినపడదు.

"ముప్పై ఒకటో నిమిషం. ఎడమ దిక్కు నుంచి వచ్చిండ్రు. గోల్‌కీపర్ పట్టుకున్నడు."

"జెర గట్టిగ చెప్పు."

మళ్లీ చెప్పేదాన్ని. పక్క టేబుల్ వాళ్లు తిరిగి చూసేవాళ్లు. రెండు మూడు వారాలకు నాకు వాళ్లు కనిపించడం మానేశారు. మూల జెండా దగ్గర నుంచి బంతి తన్నే కార్నర్ అనే మాట వచ్చినప్పుడల్లా బాపు చేతిలో కప్పు కింద పెట్టేసేవాడు. అది చూసి, కార్నర్ వస్తే మింగేసి ముందుకు చదివేదాన్ని. ఆయన అడిగే ప్రశ్నలు వేరు. అక్కడ వాన పడుతోందా, మంచు ఉందా, గడ్డి ఎట్లుందట? గడ్డి సంగతి అందులో ఎవరూ రాయరు. "గోల్ కొడితె అందరు రాస్తరు. గడ్డి సంగతి ఒక్కడు రాయడు" అనేవాడు.

ఆటలో ఏమీ జరగని నిమిషాలు చాలా ఉంటాయి. ఆ నిమిషాల్లో మాటలు వచ్చాయి. తన మొదటి ఎండాకాలం గురించి చెప్పాడు. క్యాంపులో కొత్తగా వచ్చినప్పుడు ఎవరికీ కనపడకుండా బాత్రూంలో ఏడ్చి, ముఖం కడుక్కుని బయటికి వచ్చిన సంగతి చెప్పాడు. నేను పుస్తకాలు చదువుతానని, రోజూ రాసుకుంటానని చెప్పాను. ఏం రాస్తవు అని అడగలేదు. "రాసుకో. నాకు రాయరాకనే ఎన్నో మర్శిపోయిన" అన్నాడు. ఒక వారం జట్టు గెలిచింది. ఆయన లేచి ఇద్దరికీ సమోసాలు తెచ్చాడు. మూడు వారాలు వరసగా ఓడింది. గా పిలగాడుంటే, అనేవాడు. అంతకుమించి ఒక్క మాట అనేవాడు కాదు. ఆ నాలుగు నెలల డైరీ తిరగేస్తే శనివారాలు మిగతా వారమంతటి కంటే పొడుగ్గా ఉన్నాయి.

మార్చిలో ఒక శనివారం ఆట ముగిశాక బాపు కుర్చీ నాకెదురుగా జరుపుకుని, చేతులు టేబుల్ మీద పెట్టి కూర్చున్నాడు. మా టైపింగ్ సెంటర్‌కు వచ్చేవాళ్లు అలాగే కూర్చుంటారు.

"నాకొక కాయితం రాసిస్తవా బిడ్డా? గా జర్మనోళ్లకు."

ఆయన చెబుతుంటే ఫోన్‌లో టైపు చేశాను. తన పేరు, కంపెనీ పేరు, ఐడీ నంబరు ముందే చెప్పాడు. పేరు అక్కర్లేదు బాపు అన్నాను. పేరు లేకుంటే గదేం కాయితం అన్నాడు. పొద్దున ఐదున్నరకు, చార్ట్‌లో లేకపోయినా, మూల జెండా దగ్గర పది నిమిషాలు నీళ్లు పట్టాను. ఎవరూ చెప్పలేదు, నా అంతట నేనే పట్టాను. అదే చోట మీ కుర్రాడు పడ్డాడు. తప్పు నాది, వేరేవాళ్లది కాదు. రాసిందంతా తెలుగులో మళ్లీ చెప్పించుకుని విన్నాడు. రోజూ ఎవరెవరి కోసమో "దయచేసి", "వినయపూర్వకంగా" అని కొట్టే నా వేళ్లకు అంత సూటి ఉత్తరం అదే మొదటిది.

"నెట్ సరిగ్గా లేదు. గదికి పోయి పంపుత" అన్నాను. నెట్ బాగానే ఉంది.

గదిలో అక్కకు చెప్పాను. ఆమె గిన్నె తోమడం ఆపి నా వైపు తిరిగింది. "పంపకు తల్లీ. మా మేడంగారింట్లో గాజు కూజా పగిలినప్పుడు నేనే పగలగొట్టానండీ అని ఒప్పుకున్నాను. ఎంత మంచిదానివో అని మెచ్చుకుంది. నెల తిరక్కుండా వేరే పనిమనిషి వచ్చింది. ఆ జర్మనీవాళ్లు మీ బాపుగారి ముదీర్‌కి, అదే మేనేజరుకి, ఒక్క ఫోను కొట్టారనుకో, వీసా క్యాన్సిలు, టిక్కెట్టు చేతిలో పెడతారు. అడగని వాళ్లకి చెప్పడమెందుకు?"

అక్క చెప్పింది నిజమే. అలాంటి క్యాన్సిలేషన్ కాగితాలు నేనే రోజుకు మూడో నాలుగో కొడతాను. కానీ నేను పంపకపోవడానికి అదొక్కటే కారణం కాదు. బాపు వెళ్లిపోతే శనివారాలు వెళ్లిపోతాయి. ఇరవై ఏళ్లకు దొరికిన మనిషిని ఒక మెయిల్‌తో నా చేత్తో నేనే పంపించేయాలా అనిపించింది. ఆ మాట డైరీలో రాసి, కొట్టేసి, మళ్లీ రాశాను. ఉత్తరం ఫోన్‌లో అలాగే ఉండిపోయింది.

"పంపినవా?" అని అడిగాడు తర్వాతి శనివారం.

"పంపిన బాపు."

రంజాన్ వచ్చింది. జర్మనీలో గడియారాలు గంట ముందుకు తిప్పడంతో మా ఆట ఐదున్నరకే మొదలయ్యేది. రెండో సగం మొదలయ్యే వేళకు ఇఫ్తార్ అయ్యేది. కఫ్టేరియా అతను ఉపవాసం లేని మా టేబుల్ మీద కూడా రెండు ఖర్జూరాలు పెట్టి వెళ్లేవాడు. బాపు ఖర్జూరం గింజ నోట్లోనే పెట్టుకుని అడిగేవాడు. "జవాబు వచ్చిందా?"

"పెద్ద క్లబ్ కదా బాపు. ఎన్ని మెయిల్స్ వస్తయో."

"గంతె. కోపం ఉంటది. ఎందుకుండది?"

నేను అనుకోనిది అదే. ఉత్తరం వెళ్లలేదని నాకు తెలుసు. ఉత్తరం చదివి కూడా వాళ్లు తనతో మాట్లాడడం లేదని ఆయన అనుకుంటున్నాడు. జట్టు ఓడిన ప్రతి వారం ఆ మౌనం ఆయనకు ఇంకాస్త బరువైంది. ఏప్రిల్ చివర ఎండలు ముదిరాక ఒకరోజు మామూలుగా చెప్పాడు. "సూపర్‌వైజర్ గరమైండు బిడ్డా. గడ్డి ఎండుతాంది, పైపు ఎందుకు పడుతలేవని."

"మరి పట్టు బాపు. చార్ట్‌ల ఉన్నంత పట్టు."

"ఉన్నంత గూడ సెయ్యి వస్తలేదు."

ఆయన రెండు అరచేతులూ టేబుల్ మీద పెట్టి చూసుకున్నాడు. చెప్పేద్దామని నోరు తెరిచాను. ఎనభై ఎనిమిదో నిమిషం, అని చదివాను.

సీజన్ ఆఖరి శనివారం తొమ్మిది ఆటలూ ఒకేసారి మొదలవుతాయి. ఎవరి ఫలితం చూసుకుని ఎవరూ ఆడకూడదని అలా పెడతారు. మా జట్టు కింద నుంచి మూడో చోట ఉంది. దాని కింది జట్టు ఒక్క పాయింటు వెనక. మా వాళ్లు గెలిస్తే కనీసం ఆ చోటైనా నిలుస్తుంది. సమానంగా ముగిస్తే, కింది జట్టు గెలవకుండా ఉండాలి. అందుకని రెండు ఆటలు చూడాలి, రెండు ఫోన్లు కావాలి. అక్క తన ఫోన్ తీసుకుని మాతో వచ్చి కూర్చుంది. ఇంగ్లీషు చదవడం రాకపోయినా అంకెలు వచ్చు.

"నాకేం చెప్పకు, అంకె మారితే చాలు, అరుస్తాను" అంది.

"అరవకక్కా. మెల్లగ చెప్పు."

ఎండ పోని వేళ, లోపల ఏసీ కింద కూర్చున్నాం. బాపు క్యాంపులో స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని వచ్చాడు. మొదటి సగంలో మా వాళ్లు గోల్ కొట్టారు. బాపు నవ్వలేదు, కుర్చీలో కొంచెం వెనక్కి వాలాడు, అంతే. రెండో సగంలో అవతలి జట్టు సమం చేసింది. అక్క ఫోన్‌లో కింది జట్టు ఆట ఇంకా సున్నా సున్నా.

"ఇట్లనే అయితే?" అడిగాడు బాపు.

"ఇట్లనే అయితే ఇంకో రెండు ఆటలు ఆడుతరు. పోరు."

డెబ్బై. ఎనభై. నేను చదువుతున్నాను, గొంతు ఎంత పెద్దగా ఉందో నాకు తెలియడం లేదు. కౌంటర్ దగ్గర నిలబడ్డ ఇద్దరు డ్రైవర్లు కూడా వింటున్నారు. ఎనభై ఆరో నిమిషంలో అక్క మెల్లగా అంది. "ఒకటి అయ్యిందమ్మా."

"ఏ వైపు?"

ఫోన్ నాకు ఇచ్చింది. కింది జట్టు వైపే.

మా వాళ్లకు ఇంకొక్క గోల్ కావాలి. రాలేదు. ఆట ముగిసింది. ఆ పేజీ రాసేవాడు ఆఖరున ఒక వాక్యం పెట్టాడు. ఆటగాళ్లు లేవడం లేదు, గడ్డి మీదే కూర్చుండిపోయారు. అది కూడా చదివాను.

"గడ్డి మీద కూసున్నరా?" అన్నాడు బాపు. తర్వాత, "ఇగ వాళ్లు నాకు జవాబేమిస్తరు బిడ్డా" అన్నాడు.

అక్క నా వైపు చూసింది. ఫోన్ తీసుకుని, పాలు కొనాలి అంటూ లేచి వెళ్లింది.

"నేను పంపలే బాపు" అన్నాను.

చెవి ఇటు తిప్పాడు. తనకు సరిగా వినపడలేదనుకున్నాడు. మళ్లీ చెప్పాను. "కాయితం పంపలే. ఫోన్‌లనే ఉన్నది. పంపిన అని అబద్ధం చెప్పిన."

"ఎందుకు?"

"వాళ్లు కంపెనీకి చెప్తే నిన్ను పంపించేస్తరని."

"పంపిస్తే ఇంటికే గదా పోయేది. జైలుకా?"

"నువ్వు పోతే నాకు..." అన్నాను. ఆయన నన్ను తిట్టలేదు. తిట్టే అలవాటు ఆయనకు లేదో, నా మీద ఆ హక్కు ఉందని అనుకోలేదో నాకు తెలియదు. టేబుల్ మీద పడిన పంచదార పలుకులు వేలితో ఒకచోటికి చేర్చాడు.

"రెండు నెలలు నేను వాళ్లకు కోపం అనుకున్న" అన్నాడు. "వాళ్లకు తెలిసనే తెల్వదు."

"తప్పయింది బాపు."

"ఇప్పుడు పంపు."

"ఇయ్యాల్నా? ఇయ్యాల వాళ్లు ఓడిపోయిండ్రు. ఇయ్యాల చదివితే..."

"ఇయ్యాలనే."

పంపాను. ఆయన ముందే, స్క్రీన్ ఆయన వైపు తిప్పి పంపాను.

తర్వాతి రోజుల్లో ఫోన్ మోగితే చాలు, బాపు నంబరేమో అని చూసేదాన్ని. కంపెనీ నుంచి ఎవరూ పిలవలేదు. పదో రోజున జవాబు వచ్చింది. రాసింది ఆ మట్టి వాసన చూసిన జర్మన్. టైపింగ్ సెంటర్‌లో ఎదురుగా ఒకాయన అర్జీ చెబుతుంటే టేబుల్ కింద ఫోన్ పెట్టుకుని చదివాను. శనివారం దాకా ఆగడం చాలా కష్టమైంది. ఫోన్‌లో చెప్పాలనిపించలేదు, ఆయన ముఖం చూస్తూ చెప్పాలి.

శనివారం ఆ జవాబు తెలుగులో చదివి చెప్పాను. "మీరు నాకు బాగా గుర్తున్నారు. సేఫ్టీ బూట్లు చేతిలో పట్టుకుని గడ్డి మీద ఉత్త కాళ్లతో నడిచే మనిషి మీరు. మీ మైదానం కింద ఉన్నది ఇసుక. ఐదున్నరకు పది నిమిషాలు పెట్టిన నీళ్లు పదిన్నరకు అక్కడ ఉండవు, దిగిపోతాయి. కాబట్టి దాని వల్ల కాదు. అయితే చార్ట్ దాటే ముందు నన్ను అడగాల్సింది. నేను పక్క గదిలోనే ఉన్నాను."

"దాని వల్ల కాదట బాపు" అన్నాను. ఆయన ఏడుస్తాడేమో, నవ్వుతాడేమో అని చూశాను. రెండూ చేయలేదు. గ్లాసులో నీళ్లు తాగి, ఖాళీ గ్లాసు అలాగే పట్టుకున్నాడు.

"తొమ్మిదింటికి గూడ పట్టిన."

నాకు అర్థం కాలేదు.

"పొద్దుగాల పట్టిన పది నిమిషాలకు పసుపు పోలే. తొమ్మిదింటికి మళ్ల పోయి పట్టిన. పావుగంట. ఎక్కువనే అయ్యుంటది. వాళ్లు బస్సు దిగుతుండిరి, నేను గబగబ పైపు చుట్టి ఇవుతలకొచ్చిన."

"నాకెందుకు చెప్పలే మరి? కాయితంల ఎందుకు చెప్పలే?"

బాపు గ్లాసు టేబుల్ మీద పెట్టాడు. "గప్పుడు గప్పుడే నువ్వు నాతోని మాట్లాడవడితివి బిడ్డా. అంతా చెప్తె నన్ను ఎట్ల సూస్తవో అనుకున్న. కాయితం రాసేటిది గూడ నువ్వేనాయె."

ఆయనకు నన్ను పోగొట్టుకునే భయం ఉంటుందని నాకు ఆ రోజు దాకా తట్టలేదు.

ఆ జర్మన్ మాటను అక్కడితో ఆపేయవచ్చు. దాని వల్ల కాదు అని రాసి ఉంది. నేను ఆ మాట పైకి అన్నాను కూడా. "ఇగ ఇడిశిపెట్టు బాపు. కాదని ఆయనే అన్నడు."

"ఆయనకు సగమే తెలిస్తె గట్లన్నడు. తొమ్మిదింటి సంగతి రాయి. పావుగంట కాదు, ఇరవై అని రాయి."

రాశాను. రెండే వాక్యాలు. ఈసారి బటన్ తనే నొక్కుతానన్నాడు. మట్టి పనికి మొద్దుబారిన బొటనవేలును స్క్రీన్ గుర్తించలేదు. చొక్కాకు తుడుచుకుని మళ్లీ నొక్కాడు. వెళ్లింది.

మర్నాటికే జవాబు వచ్చింది. ఆయన ఛుట్టీ రోజు అది. నేనే బస్సెక్కి అల్ ఖూజ్ వెళ్లాను. అంతవరకు క్యాంపు వైపు ఎప్పుడూ పోలేదు. గేటు బయట, గోదాముల నీడలో నిలబడి చదివాను.

"తొమ్మిదింటికి పెట్టడం తప్పు. ఆ నీళ్లు నేలలోనే ఉండి ఉంటాయి. మోకాలికి అదే కారణమా అంటే అవునని గానీ కాదని గానీ ఎవరూ చెప్పలేరు. ఆ మోకాలు అంతకుముందే బాగా లేదు. ఉత్తరం అతనికి కూడా చూపించాను. ఈ వారం అతను మెల్లగా పరుగు మొదలుపెట్టాడు. నిజం చెప్పినందుకు కృతజ్ఞతలు. మీ కంపెనీకి నేనేమీ రాయలేదు."

"తప్పు అన్నడా?"

"అన్నడు బాపు."

"ఇంకోసారి సదువు, గా ముక్క."

చదివాను. ఆయన తల ఊపాడు. పనిలో తనకంటే తెలిసినవాడు సరిగ్గా కొలిచి చెప్పినప్పుడు ఊపినట్టు ఊపాడు. "మంచిగ చెప్పిండు. తప్పును తప్పన్నడు" అన్నాడు. తర్వాత, "ఉరుకుతాండట గదా?" అని అడిగాడు. అవునన్నాను. నన్ను అక్కడే ఉండమని లోపలికి వెళ్లి, గదిలో వండుకున్న కోడికూర డబ్బాలో పెట్టుకుని వచ్చాడు. గోడ పక్కన నిలబడే ఇద్దరం తిన్నాం. ఆయన తినడం చాలా రోజుల తర్వాత చూశాను.

ఆ వారంలో ఫోన్ చేసినప్పుడు వెనక నీళ్ల చప్పుడు వినిపించింది. పైపు పట్టినవా అని అడిగాను. "చార్ట్‌ల పన్నెండు నిమిషాలున్నది. పన్నెండే పడుతున్న. టైం సూస్తున్న, జెర ఆగు" అని ఫోన్ పక్కన పెట్టాడు. నేను అటువైపు నీళ్లు వింటూ ఆగాను.

కొత్త సీజన్ ఆగస్టులో మొదలవుతుంది. రెండో లీగ్‌లో శనివారం ఆటలు ఎన్నింటికని అడిగాడు. చూశాను. చాలామటుకు మన టైంకు మధ్యాహ్నం మూడింటికి ఉన్నాయి. ఆయన డ్యూటీ నాలుగింటిదాకా.

"గప్పుడు నేను గడ్డిల ఉంట" అన్నాడు. "నువ్వు సూసి నాకు చెప్పు. కార్నర్లు గూడ చెప్పు. నువ్వు మింగేస్తున్నవని నాకు ఎప్పుడో తెలుసు."